నలభై మందికి పాకం

ఆ ఆదివారం మధ్యాహ్నం మా ఇంట్లో ఉన్నది నలుగురం. నాన్న, మేనత్త, అక్క, నేను. అమ్మకి ఆస్పత్రిలో డ్యూటీ పడింది, చీకటి పడేదాకా రాదు. వంటగదిలో ఉన్న పందిమాంసం పక్కటెముకల పలకలు రెండింటిని కూడా కలిపితే ఆరుగురం అవుతామని నాన్న జోకేశాడు కానీ అక్క నవ్వలేదు. అక్కకి పొద్దున్నుంచీ నవ్వు రావటం లేదు. మూడుసార్లు జడ వేసుకుని మూడుసార్లు విప్పేసింది.

ఇంకో మనిషి మూడింటికి వస్తాడు. ఈ హడావిడంతా అతని కోసమే.

అతను పెయింటర్. గోడలకి కాదు, కార్లకి. అక్క రిసెప్షన్‌లో ఫోన్లు ఎత్తే కార్ల షెడ్డులోనే పనిచేస్తాడు. అక్క రోజూ ఇంటికొచ్చి, చెప్పులు కూడా విప్పకుండా అతన్ని తిట్టడం మొదలుపెడుతుంది.

"ఇవాళ నా టేబుల్ మీద నీలం వేలిముద్ర. నిన్న ఎరుపు. మొన్న వెండి రంగు."

"తుడిచెయ్యొచ్చుగా?" అంటాను.

"నేనెందుకు తుడవాలి? వేసినవాడే వచ్చి తుడవాలి."

నాలుగు నెలలుగా ఇదే వరస. ఒక మనిషిని ఇంత శ్రద్ధగా, రంగులతో సహా గుర్తుపెట్టుకుని తిట్టడం నేనెక్కడా చూడలేదు.

అసలు గొడవ కిందటి నెలలో మొదలైంది. నాన్న ఇరవై రెండేళ్ళు ఓడలో వంటవాడిగా పనిచేశాడు. అక్కడ ఒక చైనా వంటాయన పక్కన నిలబడి ఈ పక్కటెముకల వంట నేర్చుకున్నాడు. మోకాళ్ళు అరిగిపోయి ఇంటికి వచ్చేసినా, నెలకోసారి కుర్చీ వేసుకుని కూర్చుని మరీ వండుతాడు. పైన పాకం అద్దంలా మెరుస్తుంది. కొరికితే ముందు తీపి, దాని వెనకాలే పులుపు, అది మింగేలోపు అల్లం ఘాటు. ఎముకని పట్టుకుని లాగితే మాంసం మారు మాట్లాడకుండా ఊడి వచ్చేస్తుంది.

కిందటి నెల అక్క దాన్ని లంచ్ బాక్సులో పట్టుకెళ్ళింది. పెయింటర్ ఒక ముక్క తిని, ఎముక చేత్తో పట్టుకునే, "ఎవరు చేశారండీ ఇది?" అని అడిగాడు.

"నేనే" అంది అక్క.

"ఎందుకే అలా అన్నావు?" అని ఇంటికొచ్చాక అడిగాను.

"నోట్లోంచి వచ్చేసింది. అతను అలా చూస్తూ అడిగితే నువ్వైనా అలాగే అంటావు."

నన్ను ఎవరూ ఎలాగూ చూస్తూ ఏదీ అడగలేదు కాబట్టి ఊరుకున్నాను.

అతను అక్కడితో వదిలాడా? "నాకు నేర్పిస్తారా?" అన్నాడు. అక్క తల ఊపేసింది. ఆదివారం మూడింటికి రమ్మని కూడా చెప్పేసింది. ఆ తరవాత ఇంటికొచ్చి మంచం మీద బోర్లా పడుకుంది.

ఎందుకంటే అతని సంగతి అక్కకి తెలుసు. ఆ మధ్య ఒకాయన తుప్పు పట్టిన కారు తెచ్చి, "పైన రంగు కొట్టెయ్ బాబూ, కొనేవాడికి తెలియదు" అని బతిమాలాడట. పెయింటర్ తాళాలు ఆయన చేతిలో పెట్టేసి, "తుప్పు మీద రంగు వెయ్యను సార్" అని పంపించేశాడట. ఆ రోజు అక్క ఆ మాట నాకు ఏడుసార్లు చెప్పింది. ఇప్పుడు అదే మాట తలుచుకుని వణుకుతోంది.

"అబద్ధమని తెలిస్తే ఇంక నా టేబుల్ వైపు కూడా రాడే" అంది దిండులోంచి.

నాన్నకి విషయం చెబితే కోపం వస్తుందనుకున్నాం. ఆయనేమో పొంగిపోయాడు. "నా వంటని ఇంకొకరు తమదని చెప్పుకునే స్థాయికి వచ్చిందన్నమాట!" అన్నాడు. పొద్దున్నే లేచి, కుర్చీలో కూర్చుని, అల్లం, వెల్లుల్లి, అనాసపువ్వు వేసి పక్కటెముకల్ని మెత్తగా ఉడికించి పెట్టేశాడు. ఇక మిగిలింది పాకం కాయడం, పూత పూసి ఓవెన్‌లో పెట్టడం. అక్క అతని ముందు ఆ కాస్తా చేసి చూపిస్తే చాలు.

ఒక్కటే చిక్కు. నాన్నకి నలుగురికి వండటం రాదు. ఓడలో ఉన్నది నలభై మంది. ఆయనకి ఏ వంటైనా నలభై మంది లెక్కలోనే గుర్తుంది. ఇంట్లో వండేటప్పుడు అమ్మ పక్కన నిలబడి "చాలు, చాలు" అంటేనే చెయ్యి ఆగుతుంది.

అందుకని ఇలా అనుకున్నాం. వంటగది పక్కనున్న సామాన్ల గదిలో నాన్న దాక్కుంటాడు. నలభై మంది లెక్క నాకు చెబుతాడు. నేను పదితో భాగించి చీటీ రాసి, ఏ అల్లం కిందో పెట్టి అక్కకి అందిస్తాను. కొత్తవాళ్ళ ముందు నాకు ఎలాగూ నోరు పెగలదు. మాట్లాడక్కర్లేని పని కాబట్టి సరే అన్నాను.

అత్తకి మాత్రం చెప్పలేదు. అత్తకి చెబితే వీధంతటికీ చెప్పినట్టే.

* * *

సరిగ్గా మూడింటికి వాన మొదలైంది. మూడూ ఐదుకి తలుపు కొట్టాడు.

తల నించి నీళ్ళు కారుతున్నాయి. జుట్టంతా నుదుటికి అతుక్కుపోయింది. చొక్కా లోపల ఏదో జాగ్రత్తగా దాచుకున్నాడు. పువ్వులేమో అనుకున్నాను. బయటికి తీస్తే ప్లాస్టిక్ కవరులో చుట్టిన బ్రష్.

"పూత వెయ్యడానికండీ. కొత్తదే, రంగు తగల్లేదు" అన్నాడు అక్కతో.

"మేం చేత్తో పూస్తాం" అంది అక్క. అని, బ్రష్‌ని మాత్రం రెండు చేతులతో తీసుకుంది.

అత్త ముందుగదిలో సోఫాలోంచి కదలకుండానే, "నువ్వేనా బాబూ పెయింటర్‌వి? మా ఈ గోడ పెచ్చులూడుతోంది, చూడు" అంది.

"నేను కార్లకండీ."

"కారు కదులుతుంది, గోడ కదలదు. ఇంకా సులువు కదా!"

"వాన తగ్గాక చూస్తానండీ" అన్నాడు పాపం. అతని చెవులు ఎర్రబడ్డాయి. అక్క నా వైపు తిరిగి పళ్ళు నూరింది, అత్త నా అత్తే అన్నట్టు.

వంటగదిలోకి వచ్చారు. అక్క గొంతు సవరించుకుని టీచరమ్మలా నిలబడింది.

"ముందు పొయ్యి వెలిగించాలి" అంది.

"ఓహో."

"తరవాత గిన్నె పెట్టాలి."

"గిన్నె తరవాతేనా? ముందు పెట్టి వెలిగిస్తే రుచి మారుతుందాండీ?"

అక్క వెనక్కి తిరిగి చూసింది. అతని మొహంలో నవ్వు లేదు. కళ్ళలో మాత్రం ఉంది. అది నేను ఉన్న మూల నించి కనబడింది కానీ అక్కకి కనబడలేదు.

నేను సామాన్ల గదికీ వంటగదికీ మధ్య తిరగడం మొదలుపెట్టాను. నాన్న బియ్యం డబ్బా మీద కూర్చుని, కళ్ళు మూసుకుని, ఓడలో ఉన్నట్టు గాల్లో గరిటె తిప్పుతున్నాడు.

"సోయా సాస్ మూడు మగ్గులు" అన్నాడు గుసగుసగా.

భాగించి రాశాను. చీటీ అల్లం ముక్క కింద పెట్టి అక్క ముందుంచాను. అక్క డబ్బా వెతుకుతున్నట్టు అటు తిరిగి చదువుకుని, "ఇప్పుడు సోయా సాస్, ఒక చిన్న గ్లాసుడు" అంది ఠీవిగా.

"వెనిగర్ ఒక మగ్గు" అన్నాడు నాన్న. అదీ భాగించాను. అంతా బాగానే జరుగుతోంది.

మూడో చీటీకి వెళ్ళబోతుండగా అది జరిగింది. అతను అల్లం తరుగుతానని చొక్కా చేతులు పైకి మడిచాడు. మోచేతి దగ్గర ఎండిపోయిన ఆకుపచ్చ రంగు చుక్క. అక్క దాన్ని చూసింది. తరవాత తడిగుడ్డ తీసుకుని ఆ చుక్కని తుడవడం మొదలుపెట్టింది.

వేసినవాడే తుడవాలన్న రూలు ఏమైపోయిందో!

అతను కత్తి పక్కన పెట్టేశాడు. ఊపిరి కూడా పక్కన పెట్టేసినట్టున్నాడు. చుక్క ఎప్పుడో పోయింది. గుడ్డ మాత్రం ఇంకా అక్కడే తిరుగుతోంది. బయట వాన దడదడమని పడుతోంది, నా గుండె దానితో పోటీ పడుతోంది. వాళ్ళకి రావాల్సిన సిగ్గంతా నాకొచ్చి, పరుగెత్తుకుంటూ సామాన్ల గదిలోకి వచ్చేశాను.

"చక్కెర రెండు మగ్గులు" అన్నాడు నాన్న.

రాసేశాను. తీసుకెళ్ళి అక్క ముందు పెట్టేశాను.

అక్క చీటీ చదివి నా వైపు చూసింది. నేను ఇంకా ఆ మోచేతి గురించే ఆలోచిస్తూ తల ఊపాను. అక్క ఒక మగ్గు పోసింది. రెండో మగ్గుకి డబ్బా బోర్లించి అడుగున తట్టింది.

"అంత పడుతుందాండీ?" అన్నాడు అతను.

"పాకం కదండీ. పడుతుంది."

పాకం ఉడికింది. ముందు బుడబుడమంది. తరవాత గుళుక్ గుళుక్ మంది. ఆ తరవాత అసలు చప్పుడే చెయ్యలేదు. నల్లగా, తారులా అయిపోయింది. అక్క గరిటె వదిలేస్తే అది గిన్నె మధ్యలో దానంతట అదే నిలబడింది.

ఇద్దరూ గరిటె వైపు చూశారు.

"దీంతో మా షెడ్డులో బంపర్లు అతికించుకోవచ్చండీ" అన్నాడు మర్యాదగా.

"మీరు నేర్చుకోవడానికి వచ్చారా, వెక్కిరించడానికి వచ్చారా?"

"రెండూ ఒకే బస్సులో వచ్చాయండీ."

అక్క మూతి తిప్పుకుని, బ్రష్ పక్కన పడేసి, గరిటెతోనే ఆ పాకాన్ని ఒక పలక మీద మందంగా మెత్తింది. ఓవెన్‌లో పెట్టి, మంట మొత్తం పెంచేసింది.

నేను గొప్పగా పని పూర్తయిందని నాన్న దగ్గరికి వెళ్ళాను.

"చక్కెర ఎంత రాశావు చిన్నదానా?"

"రెండు మగ్గులు నాన్నా."

"భాగించావా?"

నోరు తెరిచేలోపే మాడు వాసన వచ్చింది. తలుపు సందులోంచి చూస్తే ఓవెన్‌లోంచి పొగ సుడులు తిరుగుతూ వస్తోంది. నాన్న ఇరవై రెండేళ్ళు వంటగదుల్లో అరిచిన మనిషి. ఇంక ఆగలేకపోయాడు.

"మంట తగ్గించు పెద్దదానా! బయటికి లాగు, బయటికి లాగు!"

ఇల్లంతా మారుమోగింది.

అక్క ట్రే బయటికి లాగింది. దాని మీద ఉన్నది బొగ్గు.

పెయింటర్ సామాన్ల గది తలుపు వైపు చూశాడు. తరవాత అక్క మొహం చూశాడు. అక్క మొహంలో రక్తం లేదు.

"పక్కింట్లో రేడియో అనుకుంటానండీ" అన్నాడు మెల్లగా. "గట్టిగా పెట్టినట్టున్నారు."

అంత చక్కటి దారి చూపించాడు. ఊఁ అంటే చాలు. అను అక్కా, అను, అని లోపల నించి నేను వేళ్ళు మెలితిప్పుకుంటున్నాను.

అక్క ట్రే కింద పెట్టింది.

"రేడియో కాదు. మా నాన్న" అంది. ఇక ఆగలేదు. "కిందటి నెల మీరు తిన్నదీ ఆయన వండిందే. నాకు గుడ్డు ఉడకబెట్టడం కూడా సరిగ్గా రాదు. మీరు బాగుందన్నారని నేనే చేశానని చెప్పేశాను. తుప్పు మీద రంగు వేశాను. మీకు అలాంటివాళ్ళంటే పడదని నాకు తెలుసు. మా గొడుగు తలుపు వెనకాల ఉంది, తీసుకెళ్ళండి. రేపు ఆఫీసులో ఇచ్చినా సరే, ఇవ్వకపోయినా సరే."

సరిగ్గా అప్పుడే అత్త ముక్కు మూసుకుంటూ వచ్చింది. "ఏమిటే ఈ పొగ? దీన్ని వంటగదిలోకి ఎవరు రానిచ్చారు? బాబూ, ఇది నీళ్ళు మరగబెట్టినా మాడుస్తుంది!"

"నేనే చెప్పేశానత్తా" అంది అక్క, ఏడుపు గొంతుతో.

నాన్న కర్ర పట్టుకుని బయటికి వచ్చాడు. ఆయన వెనకాల నేను. మిగిలిన చీటీలు నా చేతిలోనే ఉన్నాయి. అక్క కళ్ళు నిండిపోయి ఉన్నాయి. అది చూస్తే నా నోరు దానంతట అదే తెరుచుకుంది.

"తప్పు నాది. నాన్న నలభై మంది లెక్కే చెబుతాడు. నేను పదితో భాగించాలి. చక్కెర భాగించలేదు."

బయటి మనిషి ముందు నేను అన్ని మాటలు ఒకేసారి మాట్లాడటం అదే మొదలు.

పెయింటర్ నా చేతిలో చీటీలు చూశాడు. గిన్నెలో నిలబడ్డ గరిటె చూశాడు. అతని పెదాలు వణకడం మొదలుపెట్టాయి.

"అంటే, ఇంకా ముప్పై ఐదు మంది రావాలన్నమాట" అన్నాడు.

ముందు నాన్న నవ్వాడు. తరవాత అత్త, ఎందుకో తెలియకుండానే. అక్క ఏడుస్తూనే నవ్వేసింది, ముక్కు తుడుచుకోవడానికి ఆ ఆకుపచ్చ మరకల గుడ్డే దొరికింది.

* * *

రెండో పలక ఇంకా అలాగే ఉంది.

"సార్, ఈ తారుని పల్చన చెయ్యొచ్చా?" అని అడిగాడు పెయింటర్ నాన్నని.

"సార్ అంటావేమిటి, నేనేమన్నా బడిపంతులునా? మాంసం ఉడికించిన నీళ్ళు పొయ్యి. ఒక గరిటెడు పాకం తీసుకుని, రెండు గరిటెలు నీళ్ళు. కాస్త వెనిగర్." నాన్న కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. ఓడలో ఎలా ఉండేవాడో ఆ రోజు చూశాను.

పాకం కరిగి తేనెలా జారింది. పెయింటర్ బ్రష్ ముంచి, గిన్నె అంచుకి ఒత్తి, పలక మీద ఇటు నించి అటు ఒక్క గీత గీశాడు.

"మందంగా కొడితే కారుతుందండీ, పైన మాడి లోపల పచ్చిగా ఉంటుంది" అన్నాడు అక్కతో. "పల్చగా ఒక కోటు. ఆరాలి. దాని మీద ఇంకో పల్చటి కోటు. తొందరపడకూడదు."

"మా చైనా వంటాయన అచ్చం ఇదే అనేవాడు!" అన్నాడు నాన్న, తొడ మీద చరుచుకుని. ఇక చూడాల్సిన అవసరం లేదన్నట్టు అత్తని వెంటబెట్టుకుని ముందుగదిలోకి వెళ్ళిపోయాడు. గడియారం చూసి ఐదేసి నిమిషాలకి చెప్పే పని నాకు అప్పజెప్పారు.

మొదటి కోటు ఓవెన్‌లోకి వెళ్ళింది.

"నాకు ఆ రోజే తెలుసండీ" అన్నాడు అతను.

"ఏం తెలుసు?"

"మీరు వండలేదని. ఇందులో ఏమేం వేశారని అడిగితే, 'అన్నీ వేశాను' అన్నారు. వండినవాళ్ళెవరూ అలా అనరు."

అక్క నోరు తెరుచుకుంది. "తెలిసి కూడా నేర్పిస్తారా అని అడిగారా?"

"మరి ఇంకేం అడగను? మీ ఇంటికి రావచ్చా అని అడిగితే రమ్మంటారా?"

"ఐదు నిమిషాలు" అన్నాను నేను.

రెండో కోటు. ఈసారి బ్రష్ అక్క పట్టుకుంది. చెయ్యి వణుకుతోంది. అతను అక్క చెయ్యి పట్టుకోలేదు, గిన్నె పట్టుకున్నాడు. గిన్నె కూడా వణికింది.

"మీకు తుప్పు మీద రంగు వేసేవాళ్ళంటే పడదు కదా?" అంది అక్క, పలక వైపే చూస్తూ.

"పడదండీ. కానీ నేనూ వేశాను." అతను గొంతు తగ్గించాడు. "రిసెప్షన్‌లోకి వచ్చేముందు నేనెప్పుడూ చేతులు శుభ్రంగా కడుక్కునేవాణ్ణి. కడుక్కుని, తుడుచుకుని, మళ్ళీ ఒక్క వేలికి రంగు అద్దుకుని వచ్చేవాణ్ణి."

అక్క బ్రష్ ఆగిపోయింది.

"నాలుగు నెలలా?"

"టేబుల్ పాడుచేశారని తిట్టడానికి మీరు షెడ్డు లోపలిదాకా వచ్చేవారు కదండీ. రోజుకి అదొక్కసారే వచ్చేవారు."

నేను గడియారం చూడటం మర్చిపోయాను. అక్కే గుర్తుచేసుకుని ట్రే లోపల పెట్టింది. దాని వీపు నాకేసి ఉంది కానీ మెడ వెనక ఎంత ఎర్రగా ఉందో కనబడుతూనే ఉంది.

నాలుగో కోటు అయ్యేసరికి పలక అద్దమైపోయింది. కిటికీ, వాన, మా ముగ్గురి తలలు దాని మీద మెరుస్తున్నాయి. అతను సగం కోసి పళ్ళెంలో పెడితే నేను ముందుగదిలోకి పట్టుకెళ్ళాను.

నాన్న ఒక ముక్క తీసుకున్నాడు. కొరికాడు. కళ్ళు మూసుకున్నాడు. వంటగది గుమ్మంలో అక్కా, పెయింటర్ ఇద్దరూ నిలబడ్డారు.

"ఓడలో అయితే నిన్ను నా పక్కనే పెట్టుకునేవాణ్ణి అబ్బాయ్" అన్నాడు చివరికి.

"ఇంట్లో అయితేనో?" అంది అత్త. అత్త ఇలాంటివి వదలదు.

నాన్న ఎముక చప్పరించి పక్కన పెట్టాడు. "ఇంట్లో ఎవరి పక్కన ఉండాలో వాళ్ళని అడగమను. నాకు ఇష్టమే."

అక్క చటుక్కున వంటగదిలోకి వెళ్ళిపోయింది. అతనూ వెళ్ళాడు. ఖాళీ పళ్ళెం పెట్టాలి కాబట్టి నేనూ వెళ్ళాను. నిజానికి పళ్ళెం ఇంకా ఖాళీ అవలేదు.

అక్క మిగతా సగాన్ని ముక్కలు కోస్తున్నట్టు నటిస్తోంది. అతను పొయ్యి గట్టు తుడుస్తున్నట్టు నటిస్తున్నాడు.

"వచ్చే ఆదివారం మా అమ్మని తీసుకొస్తానండీ" అన్నాడు. "ఈసారి నేర్చుకుంటాననీ అదనీ చెప్పను. ఎందుకొస్తున్నామో ముందే చెప్పి వస్తాను."

"ఎందుకొస్తున్నారు?"

"అదీ చెప్పాలా?"

అక్క కత్తి కింద పెట్టి అతని వైపు తిరిగింది. నాలుగు నెలల్లో తిట్టిన తిట్లన్నీ ఎటుపోయాయో, ఒక్కటీ దాని మొహంలో లేదు. "చెప్పాలి" అంది.

అతను నోరు తెరిచాడు. అప్పుడు నన్ను చూశాడు. నోరు మూసేశాడు.

అక్క కూడా నన్ను చూసింది. "నీకు హోంవర్క్ లేదూ?"

"లేదు."

"చదువుకోవా?"

"నేనేం వినటం లేదక్కా."

"వినకపోతే లోపలున్నా బయటున్నా ఒకటేగా" అంటూ నా రెండు భుజాలూ పట్టుకుని గడప దాటించింది. దాటిస్తూ కిలకిల నవ్వుతోంది, చక్కిలిగింతలు పెట్టినట్టు.

"ఏమంటున్నాడే?" అని ముందుగదిలోంచి అత్త కేక.

"ఇంకా అనలేదత్తా!"

తలుపు సగం మూసుకుని ఆగింది. సందులోంచి అక్క చెయ్యి బయటికొచ్చి, ఉన్నవాటిలోకెల్లా పెద్ద ముక్క నా అరచేతిలో పెట్టి లోపలికి పోయింది. నేను తొంగిచూసేలోపే, నా ముక్కుకి బెత్తెడు దూరంలో, తలుపు టప్పుమని మూసుకుంది.